అరగంట కుదరలేదు గానీ, కాలయంత్రం ఎక్కుతారట!

భూమి చుట్టూ ఎగురుతూ పసిఫిక్ మీద మాయమైన అమెరికన్ పైలట్ అమీలియా ఇయర్‌హార్ట్ విమానం ఏమైందో తేలాలంటే కాలయంత్రం ఎక్కి 1937కు వెళ్లి కళ్లారా చూసి రావడమొక్కటే మిగిలిన దారి అని, ఆ కేసు పిచ్చి పట్టినవాళ్లు తీర్మానించేశారు. ఓడలు అయిపోయాయి, సోనార్లు అయిపోయాయి. ఎముకల వాసన పసిగట్టే కుక్కల్ని కూడా 2017లో పసిఫిక్ దీవికి మోసుకెళ్లి, తిప్పి, వెనక్కి తెచ్చారు. ఇక మిగిలింది ఐన్‌స్టీన్. ఆయన్నీ ఒకసారి వాడి చూస్తే పోలా అన్నది వీరి వాదం. యంత్రం ఎవరు చేస్తారయ్యా అంటే అది శాస్త్రజ్ఞుల పని. ఖర్చెవరిదయ్యా అంటే అది స్పాన్సర్ల పని. మరి మీ పనేమిటి అంటే, తేదీ చెప్పడం. 1937 జులై 2. చెప్పేశారు. వాళ్ల వంతు అయిపోయింది.

కాలయంత్రమంటే మన తెలుగువాళ్లకు బెదురేమీ లేదు. 1991లోనే సింగీతం శ్రీనివాసరావు గారు ‘ఆదిత్య 369’లో బాలకృష్ణను ఎక్కించి 1526 నాటి విజయనగరానికి పంపారు, అక్కణ్ణించి 2504కు తోలి, మళ్లీ క్షేమంగా ఇంటికి చేర్చారు. అంతకు ఎన్నో యుగాల ముందు రైవత మహారాజు తన కూతురు రేవతికి తగిన వరుణ్ణి చెప్పమని బ్రహ్మలోకానికి వెళ్లాడు. అక్కడ సంగీతం నడుస్తోంది. అయ్యేదాకా ఆగుదామని కూర్చున్నాడు. పాట ముగిసేలోపు భూమ్మీద ఇరవయ్యేడు మహాయుగాలు గడిచిపోయాయి. మనసులో అనుకున్న పెళ్లికొడుకులూ లేరు, వాళ్ల మనవలూ లేరు, ఆ మనవల ఊళ్లూ లేవు. చివరికి పిల్లను బలరాముడికిచ్చి చేశాడు. బ్రహ్మ అంతటివాడు కూడా రైవతుణ్ణి ముందుకాలంలో దింపగలిగాడే గానీ, పోయిన పెళ్లికొడుకుల దగ్గరకు వెనక్కి పంపలేదు.

ఐన్‌స్టీన్ లెక్కా అదే చెబుతుంది. 1971లో హాఫెలె, కీటింగ్ అనే ఇద్దరు శాస్త్రజ్ఞులు సీజియం గడియారాలకు మామూలు ప్రయాణికుల విమానాల్లో టికెట్లు కొని, భూగోళం చుట్టూ తిప్పుకొచ్చారు. తూర్పుగా చుట్టొచ్చిన గడియారాలు ఇంటి దగ్గరున్న గడియారం కంటే 59 నానోసెకన్లు వెనకబడ్డాయి. సెకనును వంద కోట్ల ముక్కలు చేస్తే అందులో 59 ముక్కలు. విమానమెక్కి భూమి చుట్టొస్తే గిట్టుబాటయ్యే కాలప్రయాణం అంతే, అదీ ముందుకే. వెనక్కి పోవడానికి గోడెల్ 1949లో ఒక దారి చూపించకపోలేదు. కాకపోతే దానికి విశ్వం మొత్తం గిరగిరా తిరుగుతూ ఉండాలి, మనది అలా తిరుగుతున్న దాఖలా లేదు. స్టీఫెన్ హాకింగ్ అయితే 2009 జూన్ 28న కేంబ్రిడ్జిలో కాలప్రయాణికులకని విందే పెట్టాడు. షాంపేన్ తెప్పించి, బెలూన్లు కట్టించి కూర్చున్నాడు. ఆహ్వానాలు మాత్రం విందు అయిపోయాక బయటపెట్టాడు; నిజమైన కాలప్రయాణికుడైతే ఆహ్వానం చూసుకుని వెనక్కి వస్తాడు కదా అని. ఒక్కడూ రాలేదు. ఊరికే వచ్చే షాంపేన్‌కే రానివాళ్లు ఉప్పునీళ్లు చూడ్డానికి వస్తారా?

తమాషా ఏమిటంటే, ఈ కథలో కాలప్రయాణం ఇప్పటికే ఒకసారి జరిగిపోయింది. చేసింది అమీలియానే. ఆమె, నావిగేటర్ ఫ్రెడ్ నూనన్ కలిసి న్యూగినీలోని లాయే నుంచి బయల్దేరింది జులై 2 ఉదయం 10 గంటలకు. దారిలో అంతర్జాతీయ దినరేఖ ఉంది. తూర్పుగా దాటితే కేలండర్‌లో ఒక రోజు వెనక్కి పోతుంది. అవతల హౌలాండ్ దీవి దగ్గర కాచుకుని ఉన్న అమెరికా తీరరక్షక నౌక ఇటాస్కా ఆమె చివరి మాట విన్నది తన గడియారం ప్రకారం జులై 2 ఉదయం 8:43కు. అంటే ఇరవై గంటలకు పైగా ఎగిరిన మనిషి చివరి మాట, ఆమె నేల విడవడానికి గంటా పదిహేడు నిమిషాల ముందే అవతలివాళ్ల చెవిన పడింది! ఇంతకంటే ఏ యంత్రం ఏం చేసి చూపిస్తుంది?

ఇక ఆ గడియారం సంగతి. ఇటాస్కా నౌకాదళం వాళ్ల కాలమండలాల లెక్కలో నడుస్తోంది, గ్రీనిచ్‌కు పదకొండున్నర గంటలు వెనక. అమీలియా గ్రీనిచ్ లెక్కలోనే నడుస్తోంది. ఎవరు ఎప్పుడు మాట్లాడాలి, ఎవరు ఎప్పుడు వినాలి అన్న ఒప్పందం ఈ రెండు లెక్కల మీద కుదిరింది, అంటే కుదరలేదన్నమాట. మధ్యలో ఒక అరగంట ఎవరికీ చెందకుండా వేలాడింది. పుట్టినప్పటి నుంచీ ఐదున్నర గంటల తేడాతో బతుకుతున్న మనకు అర అంటే అలవాటే. వాళ్లకు అది అచ్చిరాలేదు. ఆ అరగంటే ముంచిందని నేననను. ఆ ప్రయాణానికి ఏర్పాట్లు ఏ తీరున జరిగాయో చెప్పడానికి మాత్రం అది చాలు.

మిగతా ఏర్పాట్లూ చూడండి. పర్డ్యూ విశ్వవిద్యాలయం సమకూర్చిన డబ్బుతో కొన్న లాక్‌హీడ్ ఎలక్ట్రా విమానం. మొదటి ప్రయత్నం మార్చిలో, పడమరగా. హొనొలులులోని లూక్ ఫీల్డులో టేకాఫ్ చేస్తుండగానే విమానం అదుపు తప్పి నేలను గుద్దుకుంది. ఆ జట్టులో హ్యారీ మానింగ్ అని ఓడ కెప్టెన్ ఒకాయన ఉన్నాడు. రేడియో తెలుసు, మోర్స్ కోడ్ కొట్టడంలోనూ వినడంలోనూ చేయి తిరిగినవాడు. విమానం రిపేరుకు పోయింది, మానింగ్ తన ఉద్యోగానికి పోయాడు. విమానం తిరిగొచ్చింది, మానింగ్ రాలేదు. ఆయన సీటులో ఇంకెవరినీ ఎక్కించలేదు. అమీలియాకు, నూనన్‌కు మోర్స్ అంతంతమాత్రం.

రెండో ప్రయత్నం తూర్పుగా. జూన్ 1న మయామి విడిచేటప్పుడు ఒక తీగను దించేశారు. ఎగురుతుండగా విమానం వెనక వేలాడదీసి, పనయ్యాక చుట్టేసుకునే పొడుగాటి యాంటెన్నా తీగ అది. అప్పట్లో సముద్రం మీద ఓడలన్నీ వినే 500 కిలోసైకిళ్ల మీద గట్టిగా పలకాలంటే అది ఉండాలి. అది పలికితేనే ఓడ ‘నువ్వు ఫలానా దిక్కులో ఉన్నావు’ అని చెప్పగలదు. బరువని, చుట్టడం బాదరబందీ అని దించేశారు. ప్రపంచం చుట్టొచ్చిన ముద్రలతో తర్వాత అమ్ముకోవడానికి వేల కొద్దీ తపాలా కవర్లకు మాత్రం చోటు దొరికింది. తాళిబొట్టు తేవడం మరిచిపోయి, వీడియోవాళ్లను మాత్రం ఇద్దర్ని మాట్లాడుకున్న పెళ్లి ఇది.

ఇందులో అమీలియా చేతకానితనం ఏదో ఉందని చెప్పడం నా ఉద్దేశం కాదు. 1932లో ఒంటరిగా అట్లాంటిక్ దాటిన మనిషి. 1935లో హవాయి నుంచి కాలిఫోర్నియాకు ఒంటరిగా ఎగిరిన మనిషి. ఈ ప్రయాణంలోనే జూన్ 15న కరాచీలో, 17న కలకత్తా డమ్‌డమ్‌లో దిగింది. అప్పుడు మన రుతుపవనాలు మాంచి ఊపు మీదున్నాయి. నీళ్లు తాగి మెత్తబడిన డమ్‌డమ్ నేల మీద నుంచి, పెట్రోలు నింపుకున్న బరువుతో, ఎలాగో లేపి అక్యాబ్‌కు పోయింది. ఆషాఢంలో మన పల్లె దారిన ట్రాక్టరు నడిపినవాళ్లకు తెలుస్తుంది అదెంత పనో. విమానం నడపడం ఆమెకు వచ్చు. కబురు పంపే ఏర్పాటు, అందుకునే ఏర్పాటు చూడాల్సినవాళ్లు వేరే ఉన్నారు, లేదా ఉండాల్సింది.

లాయేలో బయల్దేరే ముందు దిక్కు పట్టే రేడియోను పరీక్షించారు. దిక్కు దొరకలేదు. స్టేషనుకు మరీ దగ్గర్లో ఉన్నాం కాబట్టి కాబోలులే అని సరిపెట్టుకున్నారు. ముందున్నది 4,100 కిలోమీటర్ల పైచిలుకు నీళ్లు. వాటి చివర్లో రెండు రెండున్నర కిలోమీటర్ల పొడవు, ఆరేడు మీటర్ల ఎత్తు ఉన్న ఇసుకపట్టీ, దాని పేరు హౌలాండ్. ఈమె దిగడం కోసమే అక్కడ రన్‌వే వేశారు. చేతిలో ఉన్న చార్టులో ఆ దీవి అసలు చోటు నుంచి ఐదు నాటికల్ మైళ్ల దాకా పక్కకు జరిగి ఉంది. సముద్రంలో దీవులు కదలవు గానీ కాగితం మీద కదులుతాయి, మన పట్టాదారు పాసుపుస్తకాల్లో సర్వే నంబర్లు కదిలినట్టే.

తెల్లవారింది. ఇటాస్కా బాయిలర్ల నుంచి నల్లటి పొగ లేపుతోంది, ఆమెకు కనబడాలని. 7:42కు ఆమె గొంతు ఖంగుమని వినిపించింది: మీ దగ్గరే ఉండాలి గానీ మీరు కనబడటం లేదు, పెట్రోలు తగ్గిపోతోంది, రేడియోలో మీరు అందడం లేదు, వెయ్యి అడుగుల ఎత్తులో ఉన్నాం అని ఆ మాటల సారాంశం. ఇటాస్కా బదులు చెబుతూనే ఉంది. ఆమె మాట వీళ్లకు వినిపిస్తోంది, వీళ్ల మాట ఆమెకు వినిపించడం లేదు. 7,500 కిలోసైకిళ్ల మీద సిగ్నల్ పంపమంది. ఆ ఫ్రీక్వెన్సీ మీద ఇటాస్కా నోటితో మాట్లాడలేదు, మోర్స్ టకటకలాడించగలదు అంతే. టకటకలాడించింది. విన్నాను గానీ దిక్కు తెలియడం లేదందామె. తెలియదు మరి, ఆమె దగ్గరున్న పరికరం అంత పై ఫ్రీక్వెన్సీలో దిక్కు పట్టేది కాదు. ఆ టకటకల్లో ఇంకేదైనా కబురు పంపుదామంటే చదివే మానింగ్ విమానంలో లేడు. ముందుజాగ్రత్తగా దీవి మీద ఇంకో దిక్కు పట్టే రేడియో పెట్టారు. రాత్రంతా నడిపేసరికి సరిగ్గా కావాల్సిన వేళకు దాని బ్యాటరీలు చచ్చిపోయాయి. 8:43కు 157–337 డిగ్రీల గీత మీద ఉత్తర దక్షిణాలుగా ఎగురుతున్నామన్న మాట వచ్చింది. తర్వాత ఏ మాటా రాలేదు.

ఇదంతా నాకు ఏ కాలయంత్రమూ చెప్పలేదు. ఆ పొద్దున ఇటాస్కా రేడియో గదిలో కొట్టిన లాగ్ కాగితాలు చెప్పాయి. అవి ఆర్కైవుల్లో ఉన్నాయి, పుస్తకాల్లో అచ్చయ్యాయి, ఓపికున్నవాడు చదువుకోవచ్చు. 2025లో అధ్యక్షుడు ట్రంప్ ఇయర్‌హార్ట్ రహస్య ఫైళ్లన్నీ బయటపెట్టండని ఆదేశం ఇచ్చాడు. ఎనభై ఏళ్లుగా బల్ల మీద తెరిచి ఉన్నదాన్ని చదవనివాళ్లకు బీరువాలో ఉన్నదాని మీద ఎంత మోజో!

ఇన్ని ఆధారాలుండగా కాలయంత్రం దేనికి అంటారా? ఈ కాగితాల్లో ఒక పెద్ద లోపం ఉంది. విలన్ లేడు. ఒక తీగ, రెండు గడియారాలు, కొన్ని బ్యాటరీలు, ఇంటికెళ్లిపోయిన ఒక కెప్టెన్. వీటితో రెండు గంటల సినిమా తీసి చూపించండి చూద్దాం! పోలీసు విచారణలో దొంగ దొరక్కపోతే మన సీఐ గారు ఏం చేస్తారో ఈ పరిశోధకులూ అదే చేశారు, అందుబాటులో ఉన్నవాణ్ణి పట్టుకొచ్చారు. ముందు దొరికింది జపాన్. మార్షల్ దీవుల దగ్గర పట్టుకుని సైపాన్ జైల్లో పెట్టారన్నారు. పెట్రోలు అయిపోతోందని చెప్పిన విమానం హౌలాండ్ నుంచి వెయ్యి కిలోమీటర్ల పైమాటే ఉన్న ఆ దీవులకు ఎలా చేరిందన్నది అడగకూడని ప్రశ్న. యుద్ధంలో జపాన్ రేడియోలో మాట్లాడిన ‘టోక్యో రోజ్’ ఈమేనన్నారు. పాపం, ఆమె భర్త పుట్నమ్ ఆ గొంతు విని కాదని చెప్పాల్సి వచ్చింది. గూఢచారి అన్నారు. 1970లో ఒక పుస్తకం ఇంకో అడుగు వేసి, ఆమె చావలేదు, న్యూజెర్సీలో పేరు మార్చుకుని బతుకుతోందని ఒక గృహిణిని చూపించింది. ఆవిడ కోర్టుకెక్కింది. ప్రచురణకర్తలు పుస్తకాన్ని వెనక్కి తీసుకుని, రాజీకొచ్చి డబ్బు కట్టారు. ‘నేను నేనే’ అని కోర్టులో వాదించుకోవాల్సిన ఖర్మ ఆధార్ కార్డు రాకముందే ఒకావిడకు పట్టిందన్నమాట.

2017లో ఒక అమెరికన్ టీవీ ఛానల్ కాలప్రయాణాన్ని నిజంగానే సాధించింది. మార్షల్ దీవుల్లోని జాలూయిట్ రేవులో తీసిన ఒక మసక ఫోటో చూపించి, ఇదిగో వెనక్కి తిరిగి కూర్చున్నది అమీలియా, ఇదిగో నిలబడ్డది నూనన్, జపాన్‌వాళ్లు పట్టుకున్నారు అని డాక్యుమెంటరీ వేసింది. నిపుణులు జుట్టు కొలిచారు, భుజాలు కొలిచారు, ముక్కు కొలిచారు. జపాన్‌లో ఒక బ్లాగరు కుర్చీలోంచి లేవకుండా తమ జాతీయ గ్రంథాలయం డిజిటల్ పుస్తకాల్లో వెతికాడు. అరగంట పట్టిందట. (మళ్లీ ఆ అరగంటే!) అదే ఫోటో 1935లో అచ్చయిన ఒక యాత్రాగ్రంథంలో ఉంది. విమానం మాయమవడానికి రెండేళ్ల ముందే ఆమెను బందీగా పట్టుకున్న ఘనత చరిత్రలో ఆ ఛానల్‌కు తప్ప ఎవరికీ లేదు.

విమానం పసిఫిక్‌లోని నికుమరోరో దీవిలో దిగిందనేవాళ్లది మరో మతం. 1940లో అక్కడ కొన్ని ఎముకలు దొరికాయి, ఫిజీలో ఒక డాక్టరు 1941లో కొలిచి మగవాడివన్నాడు. ఆ తర్వాత ఎముకలు పోయాయి. పోయిన ఎముకల కొలతల కాగితం మిగిలింది. 2018లో ఇంకో నిపుణుడు ఆ కాగితాన్ని కొలిచి, అమీలియాతో బాగా సరిపోతున్నాయన్నాడు. ఆ దీవి మీద 1929లో ‘నార్విచ్ సిటీ’ అనే సరుకుల ఓడ బద్దలై పడిందని, అందులో మనుషులు పోయారని గుర్తుచేస్తే మాత్రం ముఖం చిట్లిస్తారు. టైటానిక్‌ను కనిపెట్టిన రాబర్ట్ బల్లార్డ్ కూడా 2019లో వెళ్లి ఆ దీవి చుట్టూ సముద్రమంతా గాలించి ఒట్టి చేతులతో వచ్చాడు. దానివల్ల మతం ఏమీ చెడలేదు. దేవుడు కనబడలేదని గుడి మూసేస్తామా?

వీటన్నిటిలో నాకు ప్రీతిపాత్రమైనది దక్షిణ కరొలైనా కంపెనీ వ్యవహారం. రియల్ ఎస్టేట్ ఆస్తులమ్మి, కోటీ పది లక్షల డాలర్లు పెట్టి, నీటిలో తనంతట తాను తిరిగే డ్రోన్ కొని హౌలాండ్ చుట్టూ తిప్పారు. ప్లాట్లు అమ్మి సముద్రంలో పోసిన రియల్టరును మనవాళ్లలో ఇప్పటిదాకా చూడలేదు గనక నాకు ఆయన మీద గౌరవమే. వాళ్లు నమ్ముకున్న సూత్రం చూడండి: రాత్రి దినరేఖ దాటాక నూనన్ లెక్కల్లో తేదీ మార్చడం మరిచిపోయాడు, దాంతో అరవై మైళ్లు పక్కకు పోయాడు. అంటే కేలండర్‌లో తేదీ తప్పు. 2024 జనవరిలో సముద్రం అడుగున దాదాపు ఐదు వేల మీటర్ల లోతులో విమానం ఆకారం కనిపించిందని బొమ్మ విడుదల చేశారు. రెక్కలు, తోక, అంతా ఉన్నట్టే ఉంది. ప్రపంచమంతా పతాక శీర్షికలు. ఆ ఏడాది నవంబరులో మళ్లీ వెళ్లి దగ్గరగా చూశారు. బండరాళ్లు.

అదే 2024 జనవరిలో, సుమారు రెండు వారాల ముందు, మన బంగాళాఖాతం అడుగున కూడా ఒక విమానం దొరికింది. 2016 జులై 22న తాంబరం నుంచి పోర్ట్ బ్లెయిర్ వెళ్తూ మాయమైన వాయుసేన ఏఎన్–32. అందులో 29 మంది. వాళ్లలో ఎనిమిది మంది మన విశాఖపట్నం నౌకాదళ ఆయుధ డిపో ఉద్యోగులు. ఏడున్నరేళ్లు గడిచాక చెన్నై తీరానికి 310 కిలోమీటర్ల దూరంలో, 3,400 మీటర్ల లోతులో, జాతీయ సముద్ర సాంకేతిక సంస్థ వాళ్ల స్వయంచాలిత జలాంతర వాహనం ఆ శకలాలను ఫోటో తీసింది. దానికి కాలయంత్రం వాడలేదు, కుక్కల్ని ఎక్కించలేదు, సిద్ధాంతం పేరు పెట్టలేదు. సోనార్, కెమెరా, ఓపిక. పత్రికల్లో ఒకరోజు వచ్చింది. మర్నాటికి లోపలి పేజీ. రాళ్లకు వచ్చినంత పేరు కూడా రాలేదు. విశాఖలో ఆ ఎనిమిది ఇళ్లవాళ్లు ఏడున్నరేళ్లు ఎలా గడిపారో అడగడానికి ఏ డాక్యుమెంటరీవాడూ దిగినట్టు నాకు కనబడలేదు. ఇక్కడా విలన్ దొరకలేదు మరి.

సరే, యంత్రం తయారైందనే అనుకుందాం. ఒక్క సీటు, ఒక్క ట్రిప్పు. ఎవరు ఎక్కాలి? సైపాన్ వర్గం సైపాన్‌కే పోవాలంటుంది. నికుమరోరో వర్గం నికుమరోరోకే. ఒకరు వెళ్తే రెండోవారు కోర్టులో స్టే తెస్తారు. నిజానికి ఇద్దరి లోపలి భయమూ ఒకటే: వెళ్లి చూస్తే తమ దీవిలో విమానం ఉండకపోవచ్చు. అందుకని ఎవరూ ఎక్కరు, ఎవర్నీ ఎక్కనివ్వరు. మనవాళ్ల చేతిలో పెడితే ఇంకా ముచ్చట. నేతాజీ విమానం మీద మనం ఒక కమిటీ, రెండు కమిషన్లు వేసుకున్నాం. మొదటి రెండూ ఒక మాట అన్నాయి, మూడోది కాదంది, ప్రభుత్వం మూడోదాన్ని కాదంది. కాలయంత్రం ఉండుంటే ఇంకో కమిషన్ పడేది, టీఏ, డీఏ బిల్లులో ‘ప్రయాణించిన దూరం’ అన్న చోట కిలోమీటర్లకు బదులు సంవత్సరాలు రాసేవారు, ఆడిట్‌వాళ్లు అభ్యంతరం చెప్పేవారు.

పోనీ ఎవడో ఒకడు ఎక్కాడు, హౌలాండ్ దగ్గరకే వెళ్లాడు, విమానం నీళ్లలో పడటం చూశాడు, వీడియో కూడా తీసుకొచ్చాడు. రాత్రి తొమ్మిదింటి చర్చలో ఏమవుతుంది? ఏఐతో చేసిన వీడియో అంటాడొకడు. యాంకర్ ‘ఇంతకీ మిమ్మల్ని పంపిందెవరు?’ అని అరుస్తాడు. ప్రభుత్వం మనిషివి అంటాడు ఇంకొకడు. సైపాన్ జైలు ఎందుకు చూడలేదని మూడోవాడు. తెల్లారేసరికి ఆ సాక్షి కూడా ఒక సిద్ధాంతం అవుతాడు, వాడి మీద రెండు పుస్తకాలు వస్తాయి. పుస్తకాల సంగతికొస్తే, ‘ప్రపంచ యాత్ర’ అని పెట్టాలనుకున్న అమీలియా పుస్తకాన్ని ‘చివరి యాత్ర’ అని పేరు మార్చి ఆమె భర్త పుట్నమ్ అదే ఏడు అచ్చేయించాడు. ఆయన వృత్తిరీత్యా ప్రచురణకర్త. ఈ వ్యాపారానికి తొలి దుకాణం ఇంట్లోనే తెరుచుకుంది.

నాకు అన్నిటికంటే వింతగా తోచేది మాత్రం వేరే. కాలయంత్రం కావాలనేవాళ్లను ఎంతమందిని కదిపినా వెళ్లి ‘చూడాలి’ అంటారే గానీ, వెళ్లి ‘కాపాడాలి’ అనరు. ఎందుకని నిలదీస్తే చరిత్రను ముట్టుకోకూడదట, విశ్వం సమతుల్యం దెబ్బతింటుందట. విశ్వం మీద ఇంత జాలి! ఇద్దరు మనుషులు మునుగుతుంటే పక్కన నిలబడి రికార్డు చేసుకోవచ్చు, చేయి అందిస్తే మాత్రం భౌతికశాస్త్రం ఒప్పుకోదు. రోడ్డు ప్రమాదం దగ్గర సెల్‌ఫోన్ ఎత్తి పట్టుకునేవాడు కూడా ఇంత పెద్ద సిద్ధాంతం చెప్పడు. పైగా ఇద్దరు అని కూడా అనరు. విమానంలో నూనన్ అనే మనిషి కూడా ఉన్నాడు, పాన్ అమెరికన్ వాళ్లకు పసిఫిక్ దారులు వేసిపెట్టిన నావిగేటర్. తేదీ మార్చడం మరిచిపోయాడని నింద మోపడానికి తప్ప ఆయన పేరు ఎవరికీ గుర్తురాదు.

ఆమె దొరకకపోతేనే కదా వీళ్లకు పని! 1937 జులైలో అమెరికా నౌకాదళం లెక్సింగ్టన్ విమానవాహక నౌకను దింపి, రెండున్నర లక్షల చదరపు మైళ్లు గాలించి, 19వ తేదీన చేతులెత్తేసింది. 1939 జనవరిలో కోర్టు ఆమె చనిపోయినట్టు ప్రకటించింది. అప్పట్నుంచి ఇప్పటిదాకా జరిగిందంతా వెతుకులాటా, వెతుకులాట మీద వెతుకులాటా. రేపు విమానం దొరికిందనుకోండి, ఎల్లుండి ఈ పరిశ్రమంతా ఏ గూటికి చేరాలి?

అయినా యంత్రం సిద్ధమైతే నాదొక మనవి. దాన్ని జులై 2కు తోలకండి. మార్చికి తోలండి, హొనొలులుకు. మానింగ్ గారి గడ్డం పట్టుకుని బతిమాలి ఇంకో నాలుగు నెలలు సెలవు పెట్టించండి. అక్కణ్ణించి మయామికి వచ్చి, మూలన పడేసిన తీగ తీసి మళ్లీ విమానంలో వేయండి. చోటు చాలకపోతే తపాలా కవర్లు ఒక కట్ట తగ్గించండి. హౌలాండ్‌కు నాలుగు బ్యాటరీలు ఎక్కువ పట్టుకెళ్లండి. ఇటాస్కా గడియారం ముల్లు అరగంట జరపండి. చూడ్డానికి ఏమీ ఉండదు. ఉదయం ఎనిమిదింటికి ఒక విమానం దిగుతుంది, ముగ్గురు మనుషులు ఒళ్లు విరుచుకుంటూ బయటికొస్తారు, టిఫిన్ చేస్తారు, ట్యాంకులు నింపుకుని హొనొలులు వైపు పోతారు. ఈ ఎపిసోడ్‌కు ఒక్క స్పాన్సర్‌ను పట్టుకొస్తే చెప్పండి, టికెట్టు డబ్బులు నేనిస్తాను.